రౌడీ రాణి గెటప్ వేస్తే హాలు ఇవ్వరా?

ఎడిటర్ గారికి నమస్కారం.

మా వీధి కుర్రాళ్ళు 18 నిమిషాల షార్ట్ ఫిల్మ్ ఒకటి తీశారండీ. వేసుకోడానికి మా ఊళ్ళో ఒక హాలు వాళ్ళు అడ్వాన్స్ తీసుకుని, తీరా పోస్టర్ చూశాక "ఫ్యామిలీలు వచ్చే చోటు" అని డబ్బు వెనక్కిచ్చేశారు. పోస్టర్లో ఏముందయ్యా అంటే చీర కుచ్చిళ్ళు పైకి దోపి, కౌబాయ్ టోపీ పెట్టి, కొరడా పట్టుకుని గుర్రమెక్కిన ఒక అబ్బాయి. గుర్రం కూడా అట్టముక్కలదే.

చివరికి మా మేడ మీద దుప్పటి కట్టి చూశాం. 1970లో కె.ఎస్.ఆర్. దాస్ గారు విజయలలితతో తీసిన రౌడీ రాణి, ఆ తర్వాతొచ్చిన లేడీ ఫైటింగ్ సినిమాలు నేల టికెట్లో ఈలలేస్తూ చూసినోణ్ణి నేను. ఆ జూమ్‌లు, డెన్‌లో రంగు బల్బులు, మధ్యలో క్లబ్ డాన్సు అన్నీ మా కుర్రాళ్ళు అచ్చు దింపేశారు. విలన్ "నువ్వు తేడానా?" అని పగలబడి నవ్వుతుంటే రాణి తొందరపడదు, విగ్గు సర్దుకుని, లిప్‌స్టిక్ ఇంకో కోటింగ్ వేసుకుని, అప్పుడు తంతుంది. మన కామెడీ ట్రాకుల్లో ఆ మాటకి నేనూ ఎన్నిసార్లు నవ్వానో, ఆ తన్ను నాకూ తగిలినట్టే అనిపించింది.

నాటకాల్లో స్థానం నరసింహారావు గారు సత్యభామ వేస్తే చేతులెత్తి దణ్ణం పెట్టారు, 1963లో నర్తనశాలలో రామారావు గారు బృహన్నల వేస్తే ఫ్యామిలీలే బళ్ళు కట్టుకుని వెళ్ళాయి. అంటే వేషం తీసేసి ఇంటికెళ్తే కళ, ఇంటికెళ్ళినా అలాగే ఉండే పిల్లలు చేస్తే మాత్రం బూతా? స్వలింగ సంబంధం నేరమనే 377 సెక్షన్ గొడవని, అది నేరం కాదని సుప్రీంకోర్టు 2018లోనే తేల్చేసింది కదా, హాలు ఓనర్లకి ఇంకా కబురందలేదేమో.

సెన్సార్ సర్టిఫికెట్ ఏదీ అనడిగుంటే నోరు మూసుకునేవాణ్ణి. 1952 సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం పబ్లిక్‌గా వెయ్యాలంటే పది నిమిషాల బిట్టుకైనా అది ఉండాలి. కానీ అదే హాల్లో సర్టిఫికెట్ లేని షార్ట్ ఫిల్ములు నేనే నాలుగైదు చూశాను, అప్పుడెవరూ అడగలేదు మరి.

హైదరాబాద్ రవీంద్రభారతిలో పైడి జైరాజ్ గారి పేరు మీద చిన్న ప్రివ్యూ థియేటర్ ఉంది, కొత్త కుర్రాళ్ళ సినిమాలు వేస్తుంటారు. అలాంటిది జిల్లాకొకటి కట్టించి, ఎవరికిస్తారో ఎవరికివ్వరో రూల్స్ గోడ మీద రాసి పెట్టండని మీ పేపర్ ద్వారా అడుగుతున్నా.

అన్నట్టు ఆ రాత్రి పక్కింటి పిన్నిగారు, డెబ్బై దాటిన మనిషి, అట్ట గుర్రం నడుం విరిగి రాణి కిందపడే సీన్ మళ్ళీ వెయ్యమని రెండుసార్లు అడిగి వేయించుకున్నారు.

ఇట్లు,
ఒక పాత నేల టికెట్ ప్రేక్షకుడు,
ఖమ్మం