స్లో కుక్కర్‌తో ఇచ్చిన వంటల పుస్తకంలో తప్పుల గురించి ఫిర్యాదు

కస్టమర్ సర్వీస్ మేనేజర్ గారికి,

విషయం: 4.5 లీటర్ల స్లో కుక్కర్ తెలుగు పుస్తకంలోని ‘ఆరోగ్యకరమైన స్టఫ్డ్ క్యాబేజీ’

అయ్యా,

మేము మెహిదీపట్నంలో వంట తరగతులు నడుపుతున్నాం. తరగతుల కోసం, తక్కువ వేడి మీద గంటల తరబడి ఉడికించే మీ స్లో కుక్కర్లు రెండు కొన్నాం. మిషన్ మీద మాకు ఏ ఫిర్యాదూ లేదు. ఫిర్యాదంతా దాంతో వచ్చిన పుస్తకంలో స్టఫ్డ్ క్యాబేజీకి, అంటే క్యాబేజీ ఆకుల్లో కూర పెట్టి చుట్టి ఉడికించే వంటకానికి, కేటాయించిన నాలుగు పేజీల మీద. అందులో ఒక తప్పు మనుషుల్ని ఆసుపత్రి పాలు చేసేది, అందుకే ముందు అదే రాస్తున్నాం.

శాకాహార పద్ధతిలో 200 గ్రాముల రాజ్మాను నాలుగు గంటలు నానబెట్టి, కచ్చాపచ్చాగా రుబ్బి, ఆకుల్లో చుట్టి ‘లో’ (తక్కువ వేడి) మీద 8 గంటలు ఉంచమన్నారు. పచ్చి రాజ్మాలో ఫైటోహీమాగ్లుటినిన్ అనే విషపదార్థం ఉంటుంది. సరిగా ఉడకని గింజలు నాలుగైదు కడుపులోకి పోయినా కొద్ది గంటల్లోనే వాంతులు, ఆ వెనకే విరేచనాలు పట్టుకోవచ్చు. నానబెట్టినంత మాత్రాన అది పోదు, కళపెళ మరిగే నీళ్లలో ఉడకాల్సిందే. ‘లో’ మీద గిన్నె ఆ స్థితికి రాదు, చాలాసేపు 80 డిగ్రీల చుట్టుపక్కలే ఉండిపోతుంది. ఆ వేడికి గింజ మెత్తబడుతుంది గానీ విషం విరగదు, పచ్చి గింజలో కన్నా పెరగొచ్చు కూడా. నోట్లో మెత్తగా తగిలింది కాబట్టి ఉడికిందనే అనుకుంటారు తినేవాళ్లు. రాజ్మాను రాత్రంతా నానబెట్టి, ఆ నీళ్లు పారబోసి, కొత్త నీళ్లలో తక్కువలో తక్కువ 10 నిమిషాలు, మేమైతే 30 నిమిషాలు, కళపెళ ఉడికించాలి. ప్రెషర్ కుక్కర్‌లో పూర్తిగా మెత్తబడేదాకా ఉంచితే ఇంకా నిశ్చింత. స్లో కుక్కర్‌లోకి వెళ్లాల్సింది ఆ తర్వాతే.

రెండోది టైమర్. చికెన్ కీమా చుట్టలను రాత్రి పదింటికి గిన్నెలో పేర్చి, ఉదయం ఆరింటికి దానంతట అదే మొదలయ్యేలా పెట్టుకోమన్నారు. మే నెలలో హైదరాబాద్ వంటగది అర్ధరాత్రి కూడా ఎంత ఉక్కగా ఉంటుందో మీకూ తెలుసు. 5 నుంచి 60 డిగ్రీల మధ్య సూక్ష్మజీవులు జోరుగా పెరుగుతాయి. పచ్చి మాంసం ఆ వేడిలో రెండు గంటలకు మించి ఉండకూడదు, ఎండాకాలంలో గంటే. మీరు ఎనిమిది గంటలు ఉంచమన్నారు. దానికి తోడు కరెంటు పోయి వస్తే ఈ మిషన్ ఆగిపోయి ఉంటుంది, ఎంతసేపు ఆగిందో చూపించదు. గాలివానకు కరెంటు పోవడం ఇక్కడ మామూలే. అప్పుడు ఏం చేయాలో పుస్తకంలో ఒక్క మాట లేదు.

ఉప్పు దగ్గర ‘2 చెంచాలు’ అని ఉంది. టీస్పూనా, టేబుల్‌స్పూనా? పుస్తకమంతా రెండింటికీ చెంచా అనే రాశారు. టీస్పూన్లే అనుకున్నా 12 గ్రాములు, నలుగురికి తలా 3 గ్రాములు. రోజు మొత్తానికి 5 గ్రాముల లోపే ఉండాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. టేబుల్‌స్పూన్లని అనుకున్నవాళ్ల కూర నోట్లో పెట్టలేం. ఒక టీస్పూను చాలు.

ఇక వంట సంగతి. ఇది పోలండ్, హంగరీ, రొమేనియాల్లో తరతరాలుగా చేసుకుంటున్న వంటకం. అక్కడ పంది మాంసం కొవ్వు లోపలి కూరను ఆరనివ్వదు. కొవ్వు తగ్గించాలని మీరు చికెన్ బ్రెస్ట్ కీమా 500 గ్రాములు పెట్టించారు, ఆలోచన మంచిదే. కానీ ఆ తేమకు బదులు ఏమీ పెట్టలేదు. ఆరు గంటల తర్వాత చుట్ట విప్పితే లోపల రబ్బరు ఉండలా ఉంది. 400 గ్రాముల లెగ్ కీమాకు 100 గ్రాముల సొరకాయ తురుము కలిపితే మెత్తగా వస్తుంది. సొరకాయ ముక్క ముందు నాలుక మీద పెట్టి చూడాలి, చేదైతే కాయ మొత్తం పారేయాలి. కీమాను చపాతీ పిండిలా పిసకకూడదు, కలిస్తే చాలు.

దంపుడు బియ్యం పచ్చివే కలపమన్నారు. చింతపండు పులుసు ముందే పోస్తే పప్పు ఉడకదని మన ఇళ్లల్లో అందరికీ తెలుసు. టమాటా పులుపులో ఈ బియ్యానిదీ అదే గతి, పలుకులు పలుకులుగానే మిగిలాయి. 100 గ్రాముల బియ్యాన్ని విడిగా ముప్పావు వంతు ఉడికించి, వార్చి, చల్లార్చి కలపాలి.

పైగా రెండు కప్పుల నీళ్లు పోయించారు. మూత కింద ఆవిరి బయటికి పోదు, మళ్లీ గిన్నెలోకే కారుతుంది. క్యాబేజీ తన నీరు తాను వదులుతుంది. చివరికి వచ్చింది చారు. 600 గ్రాముల టమాటాలను బాణలిలో 350 మిల్లీలీటర్లకు దగ్గరపడేదాకా ఉడికించి పోస్తే చుక్క నీరు అక్కర్లేదు. ఉల్లిపాయను ఎర్రగా వేయించి వేస్తే ఆ తీపి సరిపోతుంది, మీరు చెప్పిన చక్కెర అనవసరం. పెరుగు మొదట్లోనే వేస్తే విరిగిపోతుంది, దించాక వేయాలి.

ఆకుల గురించి ‘ఒక్కొక్కటి విడదీయండి’ అని వదిలేశారు. మన రైతుబజారులో దొరికే క్యాబేజీ రాయిలా బిగిసి ఉంటుంది, లాగితే చిరుగుతుంది. కాడ ఉండే అడుగు భాగాన్ని గుండ్రంగా తొలిచి, గడ్డను అలాగే మరిగే నీళ్లలో 8 నుంచి 10 నిమిషాలు ఉంచితే పై ఆకులు వాటంతట అవే ఊడి వస్తాయి. అప్పుడు ఆకును బోర్లా పరిచి, నడిమి ఈనె మీద చాకును దాదాపు పడుకోబెట్టి, ఉబ్బిన భాగాన్ని మిగతా ఆకుతో సమానంగా చెక్కాలి. ఈనె అలాగే ఉంచితే చుట్టేటప్పుడు టప్పున విరిగి కూర బయటికి వస్తుంది. ఒక్కో ఆకులో 50 గ్రాముల కూర, కొంచెం వదులుగా, ఎందుకంటే బియ్యం ఇంకా ఉబ్బుతుంది. చిరిగిన ఆకులు గిన్నె అడుగున పరిచి, మడత కిందికి వచ్చేలా పేర్చాలి. మొదటి గంట ‘హై’, తర్వాత 5 గంటలు ‘లో’. అడుగు వరసలో మధ్య చుట్టకు థర్మామీటర్ గుచ్చి 74 డిగ్రీలు చూశాకే ఆపాలి. మధ్యలో మూత తీసిన ప్రతిసారీ అరగంట వెనక్కి పోతుంది.

మేము అడుగుతున్నవి ఇవి. రాజ్మా పద్ధతిని, రాత్రి టైమర్ సలహాను ఈ వారంలోనే ఆపండి. పుస్తకం అందుకున్న కొనుగోలుదారులందరికీ ఫోన్ సందేశం పంపండి. ఇంకా అమ్ముడుపోని పెట్టెల్లో హెచ్చరిక కాగితం పెట్టండి. కొత్త పుస్తకాన్ని అచ్చుకు ముందు ఇక్కడి సరుకులతో, ఇదే మిషన్‌లో వండి చూడండి.

సరైన వాడకం సూచనలు, హెచ్చరికలు ఇవ్వకపోవడం కూడా 2019 వినియోగదారుల రక్షణ చట్టం 84వ సెక్షన్ కింద తయారీదారు బాధ్యతే. 15 రోజుల్లో లిఖితపూర్వకంగా జవాబు రాకపోతే 1915 హెల్ప్‌లైన్‌లో ఫిర్యాదు నమోదు చేస్తాం. బిల్లు నకలు, ఆ నాలుగు పేజీల ఫొటోలు జత చేశాం.

ఇట్లు,
వంట తరగతుల నిర్వాహకులు,
మెహిదీపట్నం, హైదరాబాద్