తొందరలో ముగిసిన 'గేమ్ ఆఫ్ థ్రోన్స్'

సంపాదకులకు,

2019 సెప్టెంబర్ 22న లాస్ ఏంజెలెస్‌లో ప్రకటించిన అమెరికా టీవీ రంగపు ఎమ్మీ పురస్కారాల్లో, సింహాసనం కోసం పోరాడే వంశాల కల్పిత కథ 'గేమ్ ఆఫ్ థ్రోన్స్' ఎనిమిదో సీజన్ ఉత్తమ డ్రామా ధారావాహికగా ఎంపికైన సందర్భంలో ఈ లేఖ రాస్తున్నాను. 32 నామినేషన్లు పొంది 12 పురస్కారాలు గెలుచుకున్న ఈ చివరి సీజన్‌నే, సమర్థులైన రచయితలతో మళ్లీ తీయించాలని కోరుతూ 15 లక్షల మందికి పైగా ప్రేక్షకులు ఇంటర్నెట్‌లో సంతకాలు చేశారు. ఎవరి తీర్పు సరైనదని అడిగేవారు పురస్కారాల జాబితాను నిదానంగా చూస్తే చాలు. డ్రాగన్ల దృశ్యాలకు విజువల్ ఎఫెక్ట్స్ పురస్కారం వచ్చింది. టిరియన్ పాత్రధారి పీటర్ డింక్లేజ్ నాలుగోసారి సహాయ నటుడి పురస్కారం అందుకున్నారు. రచన మాత్రం నామినేషన్ దగ్గరే ఆగిపోయింది.

డ్రాగన్ల రాణి డెనేరిస్ రాజధాని కింగ్స్ ల్యాండింగ్ నగరాన్ని తగలబెట్టడమే అన్యాయమని, స్టార్క్ వంశపు కుర్రాడు బ్రాన్ రాజు కావడమే హాస్యాస్పదమని చాలామంది అంటున్నారు. నేను వారితో ఏకీభవించను. మీరీన్ నగరంలో 163 మంది బానిస యజమానులకు శిలువ వేయించినప్పుడూ, లొంగనన్న టార్లీ తండ్రీకొడుకులను డ్రాగన్ మంటకు అప్పగించినప్పుడూ ఆమె ఎటు నడుస్తున్నదో కథ చెబుతూనే ఉంది. నా అభ్యంతరమల్లా ఆ నడకకు ఇచ్చిన వ్యవధి గురించే. మొదటి ఆరు సీజన్లకూ పదేసి ఎపిసోడ్లు ఉండగా, ఏడోదానికి ఏడు, ఎనిమిదోదానికి ఆరు మాత్రమే మిగిలాయి. ఇంకా తీస్తామంటే హెచ్‌బీఓ సంస్థ కాదనే పరిస్థితి లేదు; ఇంతటితో ముగించాలన్నది నిర్మాతలు బెనియాఫ్, వైస్‌ల సొంత నిర్ణయం.

ఈ కథకు బలం డ్రాగన్లలో కంటే దూరాల్లో ఉండేదని నా అభిప్రాయం. తొలి ఎపిసోడ్‌లో రాజు రాబర్ట్ పరివారం ఉత్తరాదిలోని వింటర్‌ఫెల్ కోట చేరే సరికి నెల రోజుల ప్రయాణం చేసి ఉంటుంది. కబురు ఆలస్యంగా అందుతుంది, అందేలోపు అనుమానం పెరుగుతుంది, దారిలోని ఒక సత్రంలో వింటర్‌ఫెల్ ప్రభువు భార్య కేట్లిన్‌కు ప్రత్యర్థి వంశపు టిరియన్ తారసపడడం వల్ల రాజ్యమంతా యుద్ధంలోకి జారుతుంది. ఏడో సీజన్ నుంచి ఈ దూరాలు మాయమయ్యాయి. ఉత్తర సరిహద్దులోని మహాకుడ్యానికి ఆవల చిక్కుకున్న, కథానాయకుల్లో ఒకడైన జాన్ స్నో బృందం కోసం ఒకడు పరుగెత్తుకొచ్చి, కాకితో కబురు పంపి, డ్రాగన్‌స్టోన్ ద్వీపం నుంచి రాణి డెనేరిస్ డ్రాగన్ మీద ఎగిరి రావడమంతా ఒక్క ఎపిసోడ్‌లో, దాదాపు ఒక్క రాత్రి పనిలా సాగిపోతుంది. ఎవరు ఎక్కడికైనా ఎప్పుడైనా చేరగలిగినప్పుడు ఆలస్యం వల్ల పుట్టే నాటకీయత ఎక్కడిది?

మనసులో జరిగే ప్రయాణాలకూ ఇదే గతి పట్టింది. నాలుగో సీజన్ చివర ఒక మేకల కాపరి, డ్రాగన్ మంటకు బలైన తన పసికూతురి ఎముకలను మూటగట్టి తెచ్చి డెనేరిస్ ముందు పెడతాడు. ఆ ఒక్క బిడ్డ కోసం ఆమె కన్నీళ్లతో తన డ్రాగన్లలో రెండింటిని స్వయంగా సంకెళ్లకు కట్టి చీకటి గుహలో వదిలి వస్తుంది. అలాంటి మనిషి, నగరం లొంగిపోతున్నట్టు గంటలు మోగుతుండగా లక్షలాది జనం మీద నిప్పు కురిపించిందంటే, అది నమ్మదగినదే కావచ్చు, అద్భుతమైన విషాదమూ కావచ్చు. అయితే ఒక డ్రాగన్ మరణం, ఆప్త సహచరి మిస్సాండే తల నరకడం, సలహాదారు వేరిస్ ద్రోహం, ప్రియుడు జాన్ ఎడమొహం, ఇవన్నీ రెండు ఎపిసోడ్లలో కుక్కి ఆ మార్పును మనచేత ఒప్పించాలనుకోవడం సాహసం. తొలి ఎపిసోడ్ తొలి దృశ్యం నుంచి భయపెట్టిన మృతసేన కూడా మూడో ఎపిసోడ్‌లో ఒక్క రాత్రిలో సమసిపోయింది. దానికోసం యూనిట్ 55 రాత్రులు చలిలో పనిచేసింది. తెర మీద చీకటి తప్ప ఏమీ కనబడలేదన్న ఫిర్యాదే వారికి మిగలడం విచారకరం. (ఆ తరువాతి ఎపిసోడ్‌లో బల్ల మీద మరచిన కాఫీ కప్పుకు జరిగినంత చర్చ కథకు జరగలేదు.)

మూలనవలల రచయిత జార్జ్ ఆర్.ఆర్. మార్టిన్ 2014లో ఒక ఇంటర్వ్యూలో 'లార్డ్ ఆఫ్ ది రింగ్స్' రచయిత టోల్కీన్ మీద గౌరవంతోనే ఒక ప్రశ్న వేశారు: ఆ కథలోని అరగార్న్ రాజై చక్కగా పాలించాడు సరే, అతని పన్నుల విధానం ఏమిటి? ఆ ప్రశ్నతో పుట్టిన కథ చివరకు దానికే జవాబివ్వలేదు. బందీగా సంకెళ్లలో ఉన్న టిరియన్ ఒక ఉపన్యాసం ఇవ్వగానే ప్రభువులంతా బ్రాన్‌కు సరేనంటారు. బ్రాన్ అక్క సాన్సా ఉత్తరాదికి స్వాతంత్ర్యం అడిగి తీసుకుంటుంది. అదే స్వాతంత్ర్యం కోసం లోగడ డెనేరిస్‌తో ఒప్పందం చేసుకున్న ఐరన్ దీవుల నాయకురాలు యారా గ్రేజాయ్ పక్కనే కూర్చుని నోరు మెదపదు. కిరాయి సైనికుడు బ్రోన్ ఏకంగా కోశాధికారి అవుతాడు. మన భారతంలో యుద్ధం ముగిశాక ఇంకా ఎనిమిది పర్వాలున్నాయి. స్త్రీల శోకానికి ఒకటి, రాజ్యం వద్దన్న ధర్మరాజుకు రాజధర్మం బోధించడానికి అన్నిటికంటే పెద్దది. అది విని పెరిగిన ప్రేక్షకులకు ఈ పట్టాభిషేకం వెలితిగా తోచడంలో వింత లేదు.

మార్టిన్ ఐదో సంపుటం 2011లో, ధారావాహిక మొదలైన ఏడాదే వెలువడింది. ఆరోది నేటికీ రాలేదు. మూలం ఆగిపోయిన చోటు నుంచి సొంతంగా దారి వేసుకోవలసి వచ్చిన నిర్మాతల కష్టాన్ని నేను తక్కువ చేయను. మళ్లీ తీయమని సంతకాలు సేకరించడం కూడా నాకు సమ్మతం కాదు. నచ్చని ముగింపును విమర్శించే హక్కు ప్రేక్షకులకు ఉంది గాని తిరగరాయించే హక్కు లేదు.

సోమవారం ఉదయం 6.30కే హాట్‌స్టార్ ముందు కూర్చుని ఈ ధారావాహికను అనుసరించినవారు తెలుగువారిలోనూ ఉన్నారు. సినిమాలకు కేటాయించే స్థలంలో కొంత భాగాన్ని ఇలాంటి ధారావాహికల రచనపై లోతైన సమీక్షలకు ఇవ్వవలసిందిగా మిమ్మల్ని కోరుతున్నాను.

ఇట్లు,
ఒక పాఠకుడు,
హనుమకొండ