ఇల్లు మారేముందు

అమ్మడూ,

ఫోన్లో అయితే మధ్యలో "సరే సరే" అని పెట్టేస్తావు, అందుకే రాస్తున్నాను. హంగేరీ రాజధాని బుడాపెస్ట్‌లో ఇల్లు చూస్తున్నానన్నావు. ఇప్పుడు నువ్వుండే గొదొల్లో అనే ఊరు పడుకోవడానికి తప్ప ఎందుకూ పనికిరాదని నీ గొడవ. నేను నీ దగ్గరున్నన్నాళ్ళూ నువ్వు పొద్దున్నే పోయి చీకటి పడ్డాక వచ్చేదానివి. పగటిపూట ఆ ఊరిని చూసింది నేను. కాబట్టి ఈ ఒక్క విషయంలో నీకంటే నాకే ఎక్కువ తెలుసు.

ముందు ప్రయాణం సంగతి. ముప్పై కిలోమీటర్లు, అంతే కదా. తెనాలి నుంచి బెజవాడకి మీ నాన్న అంత దూరమూ సీజన్ టికెట్ మీదే తిరిగారు, అదీ సగం రోజులు తలుపు దగ్గర నిలబడి. నువ్వెక్కే ఆకుపచ్చ హేవ్ బండి, అదే ఆ శివారు రైలు, 1911 నుంచి ఆ ఊరికి నడుస్తోందట. ప్రతి చిన్న స్టేషన్లో ఆగుతూ నగరంలో ఆఖరి స్టేషన్ ఓర్ష్ వెజేర్ తెరె చేరేసరికి ముప్పావుగంట పైనే, ఆ తర్వాత మళ్ళీ మెట్రో. పెద్ద రైలైతే నేరుగా బుడాపెస్ట్ కెలెటి స్టేషన్‌కి పోతుంది, టైమూ తక్కువే. హేవ్ కోట ఎదురుగానే ఆగుతుందని దాన్నే పట్టుకుని వేలాడుతున్నావు. నీ విసుగంతా ఆ బండి మీద, తిట్టేది ఊరిని.

ఇక ఆ కోట. లోపలికి ఒకసారైనా వెళ్ళావా? నేను టికెట్ కొని వెళ్ళాను. 1730ల్లో గ్రాషల్కొవిచ్ ఆంతల్ అనే ప్రభువు మొదలుపెట్టాడు (వాళ్ళకీ మనలాగే ఇంటిపేరు ముందు). వంశం 1841లో అంతరించింది. నన్ను ఆపి నిలబెట్టింది మాత్రం ఆ తర్వాతి కథ. 1849 ఏప్రిల్ 6న పక్కనే ఉన్న ఇషసెగ్ దగ్గర హంగేరీ సైన్యం ఆస్ట్రియా వాళ్ళని ఓడించింది. మర్నాడే హంగేరీ వాళ్ళ నాయకుడు కొషూత్ ఆ కోటలో దిగి, తమని ఏలుతున్న ఆస్ట్రియా హాబ్స్‌బర్గ్ రాజుని గద్దె దింపేద్దామని మాట తెచ్చాడు. సరిగ్గా వారానికి దెబ్రెత్సెన్ ఊళ్ళో ప్రకటించేశారు కూడా. కానీ రష్యా సైన్యాలు వచ్చి అదంతా అణిచేశాయి. పద్దెనిమిదేళ్ళకి, 1867లో, అదే రాజు ఫ్రాంజ్ జోసెఫ్‌కి పట్టాభిషేకం కానుకగా అదే కోట ఇచ్చారు! నేను బడిలో ఉండగా ఇది తెలిసుంటే పిల్లలకి ఒక పీరియడంతా ఇదే చెప్పేదాన్ని.

ఆయన భార్య ఎలిజబెత్‌కి, అదే వాళ్ళందరూ సిసి అనే ఆవిడకి, వియన్నా దర్బారు పొడ గిట్టేది కాదు. హంగేరియన్ నేర్చుకుంది, వీలైనప్పుడల్లా ఇక్కడికొచ్చి గుర్రాల మీద తిరిగేది. నువ్వేమో ఇక్కడ్నుంచి పెద్ద నగరానికి పారిపోదామంటావు. స్టేషన్లో వాళ్ళ కోసం కట్టిన వెయిటింగ్ హాలు ఇప్పటికీ ఉంది, బాగుచేసి పెట్టారు. 1898లో ఆవిడని జెనీవాలో పొడిచి చంపాక ఆ పేరు మీద పార్కు వేసి 1901లో విగ్రహం పెట్టారు. అక్కడ బెంచీల మీద ఊరి ముసలివాళ్ళు కూర్చుంటారు. నాకు వాళ్ళ భాష రాదు, వాళ్ళకి నాది రాదు, అయినా ఒకావిడ నా మోకాళ్ళ నొప్పి గురించి చాలాసేపు మాట్లాడింది.

రాజులయ్యాక హోర్తి అనే పాలకుడు వేసవికి వచ్చేవాడు. యుద్ధం తర్వాత ఒక భాగం సోవియట్ సైనికులకీ ఇంకో భాగం వృద్ధాశ్రమానికీ పోయి కోట పాడుబడింది. సైన్యం 1990లో ఖాళీ చేసింది, 1996లో మ్యూజియం తెరిచారు. ఇంతమంది వచ్చి వాడుకుని పోయిన ఊరమ్మా అది. ఇప్పుడు వాడుకుంటున్నది నీలాంటి రైలు జనం.

అయినా అక్కడే ఉండి పనిచేసినవాళ్ళూ ఉన్నారు. 1901 నుంచి ఇరవై ఏళ్ళపాటు చిత్రకారులు కుటుంబాలతో కాపురముండి, మగ్గాలు పెట్టి గోడ తివాచీలు నేయించారు. 1950లో వ్యవసాయ విశ్వవిద్యాలయం వచ్చింది. నీకు స్కాలర్‌షిప్ మీద చదువు చెప్పిందీ అదే కదా. ఊరికి నువ్వు బాకీ ఉన్నావని అనను, కానీ పనికిరాని ఊరన్న మాట మాత్రం నీ నోట బాగాలేదు.

మారియాబెష్న్యో గుడికి నాతో రానన్నావు. చిన్న గుట్ట మీద మేరీమాత గుడి, ఎక్కడెక్కడినుంచో మొక్కులకి వస్తారు. గ్రాషల్కొవిచ్ సమాధి దాని కిందే. పక్క శ్మశానంలో తెలెకి పాల్ ఉన్నాడు. 1933లో అదే ఊళ్ళో ప్రపంచ స్కౌట్లందరికీ జాంబొరీ అనే పెద్ద మేళా జరిపించినాయన, తర్వాత ప్రధానమంత్రి. స్నేహ ఒప్పందం చేసుకున్న యుగోస్లావియా మీదికి జర్మనీతో కలిసి దండెత్తాల్సి వస్తే, సిగ్గు భరించలేక 1941 ఏప్రిల్లో కాల్చుకుని చనిపోయాడు. యూదులకి వ్యతిరేకంగా చట్టాలు తెచ్చిన ప్రభుత్వానికి పెద్దా ఆయనే. ఆ సమాధి ముందు నమస్కారం పెట్టాలో వద్దో నాకు తోచలేదు, ఊరికే నిలబడి వచ్చేశాను.

బజార్లో ఆ లేత పసుపు మిరపకాయలు, కారం లేనివి, బజ్జీలకే పుట్టినట్టుంటాయి. నగరంలోనూ దొరుకుతాయిలే, అది వాదన కాదు. ఆదివారం బిక్కుబిక్కుమంటుందన్నావు, నిజమే. ఆదివారం పూట ఇషసెగ్ వైపు అడవిలోకి నడువు. దగ్గర్లోని వెరెషెద్యహాజ్ ఊళ్ళో ఎలుగుబంట్ల ఆశ్రమం ఉందట, స్నేహితులతో అక్కడికి పో. దారిలో ఉన్న మొద్యోరోద్ ఊళ్ళో కార్ల పందేలున్న వారం మాత్రం ఇంట్లోనే ఉండు, ఆ హేవ్‌లో కాలు పెట్టలేవు.

వయసులో ఉన్నావు, నగరం కావాలనిపిస్తుంది, కాదనను. కానీ ఒక్క నెల పెద్ద రైల్లో వెళ్ళి చూడు. అప్పటికీ టెన్షనే అనిపిస్తే మారిపో. ఇంటావిడకి చెప్పేముందు అడ్వాన్సు ఎంత తిరిగిస్తారో కాగితం మీద రాయించుకో. డబ్బు సంగతి మీ నాన్న విడిగా మాట్లాడతారు, ఆదివారం ఫోన్ చెయ్యి.

అమ్మ