ముప్పై ఏళ్ల గడిలో టిక్కు పెట్టకముందు

పర్లాకిమిడి (ఒడిశా),
ఆదివారం సాయంత్రం.

చి. ల. సౌ. బుజ్జికి నాన్న ఆశీస్సులు.

ఇక్కడ మేమిద్దరం క్షేమం. మీ అమ్మ మోకాలి నొప్పి కాస్త తగ్గింది. నిన్న ఫోనులో నువ్వు చెప్పిన సంగతి రాత్రంతా తలలో తిరిగింది. విశాఖ మధురవాడలో ఫ్లాటు కుదిరిందని, బిల్డరు దగ్గర పట్టుబట్టి కూర్చుని రెండు లక్షలు తగ్గించి అరవై రెండున్నరకు తెచ్చామని, బ్యాంకు యాభై లక్షలు ఇస్తానందని ఎంత సంబరంగా చెప్పావు! బేరం చేయడంలో నీది మీ అమ్మ పోలిక. విని పొంగిపోయాను. అంతా చెప్పి చివర్లో "ముప్పై ఏళ్లకు పెట్టుకుంటున్నాం నాన్నా, నెలకు ముప్పై ఎనిమిది వేలే" అన్నావు చూడు, అక్కడ నా నిద్ర పోయింది. ఫోనులో చెబితే "సరే నాన్నా" అని వేరే మాటలోకి వెళ్లిపోతావు. అందుకే కాగితం తీశాను.

పొద్దున్నే పక్కింటి కుర్రాడిని కూర్చోబెట్టి కంప్యూటర్‌లో లెక్క వేయించాను. యాభై లక్షలు, ఎనిమిదిన్నర శాతం వడ్డీ. ఇరవై ఏళ్లకైతే నెలకు 43,391. ముప్పై ఏళ్లకైతే 38,446. తేడా అయిదు వేలు కూడా లేదు. ఆ అయిదు వేలు చూసే మీరు ముప్పై వైపు మొగ్గారు. ఇప్పుడు నెలలతో హెచ్చవేసి చూడు. 240 నెలలకు కట్టేది 1 కోటి 4 లక్షల 14 వేలు. 360 నెలలకు 1 కోటి 38 లక్షల 40 వేలు. మధ్యలో ముప్పై నాలుగు లక్షలు! బిల్డరు దగ్గర గొంతు పోయేలా వాదించి మిగుల్చుకున్న దానికి పదిహేడు రెట్లు, ఒక గడిలో టిక్కు పెట్టి నోరెత్తకుండా ఇచ్చేస్తున్నారు.

నీ తప్పు కాదులే. చిట్టా, ఆవర్జాలు రాయడమే బతుకుతెరువుగా ముప్పై ఏళ్లు బట్టల కొట్టులో గుమాస్తాగా పనిచేసినవాడిని, నేనే ఇందులో పడ్డాను. నీకు ఎప్పుడూ చెప్పలేదు, సిగ్గేసి.

మనం ఉంటున్న ఈ ఇంటికి 1998లో రెండు లక్షలు అప్పు తీసుకున్నాను. పదమూడు శాతం, పదిహేనేళ్లు, నెలకు 2,530. అప్పుడు నా జీతం ఆరు వేలు. మన బజారులో నూటికి నెలకు రూపాయి అంటే ధర్మవడ్డీ. పదమూడు శాతమంటే రూపాయి ఎనిమిది పైసలు. పర్వాలేదు, బజారు వడ్డీకి దగ్గరగానే ఉంది అనుకున్నాను. నీ ఎనిమిదిన్నర అయితే నూటికి డెబ్బై ఒక్క పైసలు, ఇంకా చవకగా కనబడుతుంది. అక్కడే మోసపోతాం. బజారులో రూపాయి వడ్డీకి తెచ్చిన అప్పు పంట రాగానే, పండగ అమ్మకాలు కాగానే తీర్చేస్తాం. ఇరవై ఏళ్లు, ముప్పై ఏళ్లు ఎవరూ మోయరు. పైసలు తక్కువే, మోసే దూరమే ఎక్కువ.

అయిదేళ్లు ఒక్క నెల తప్పకుండా కట్టాను. అరవై వాయిదాలు, లక్షా యాభై ఒక్క వేల ఎనిమిది వందలు. మన రోజువారీ ఖర్చుల పుస్తకంలో ప్రతిదీ రాసి ఉంది. 2003లో ఒక మధ్యాహ్నం, కొట్టు మూసిన వేళ, బ్యాంకుకు వెళ్లి ఇంకా ఎంత ఉందని అడిగాను. యాభై వేలు ఉంటుందేమో, మీ అమ్మ గాజులు పెట్టి తీర్చేద్దాం అనుకుంటూ వెళ్లాను. కౌంటరులోని అబ్బాయి అంచుల్లో చిల్లులున్న పొడవాటి కాగితం అచ్చు తీసి చేతిలో పెట్టాడు. అడుగున ఉన్న అంకె లక్షా అరవై తొమ్మిది వేల చిల్లర.

పొరపాటు పడ్డాడనుకున్నాను. అక్కడే బల్ల మీద కూర్చుని పై నుంచి చదివాను. కట్టినది ఒక వరుస, వడ్డీ ఒక వరుస, అసలు ఒక వరుస. మొదటి నెల కట్టిన 2,530లో వడ్డీకి పోయింది 2,167. అసలు కింద జమ అయింది 363 రూపాయలు. ఆ రోజుల్లో మా కొట్టులో ఒక మోస్తరు నేత చీర ధర అది. రెండో నెల అంతకంటే నాలుగు రూపాయలు ఎక్కువ. లెక్క తప్పు కాదు బుజ్జీ. బాకీ నిలువ ఎంతుంటే వడ్డీ అంత. మొదట్లో నిలువ కొండంత ఉంటుంది కాబట్టి వాయిదాను వడ్డీయే మింగేస్తుంది. అయిదేళ్లలో నేను తీర్చిన అసలు ముప్పై వేలు దాటి కొంచెం. ఆ కాగితం మడిచి జేబులో పెట్టుకుని ఇంటికి ఎలా వచ్చానో గుర్తులేదు.

నీ అప్పులో అదే వరుస చూస్తావా? ఇరవై ఏళ్ల లెక్కలో మొదటి నెల 43,391లో వడ్డీ 35,417, అసలు 7,974. అయిదేళ్లలో ఇరవై ఆరు లక్షలు కట్టాక కూడా బాకీ నలభై నాలుగు లక్షలు. పదేళ్ల తర్వాత, అంటే సగం దారి నడిచాక, ఇంకా ముప్పై అయిదు లక్షలు.

2003లోనే ఇంకొకటి తెలిసింది. కొత్తగా అప్పు తీసుకునేవాళ్లకు అదే బ్యాంకు తొమ్మిదిన్నరకు ఇస్తోంది. పాతవాడినైన నన్ను పదమూడులోనే ఉంచింది. నేను అడగలేదు, వాళ్లు చెప్పలేదు. అడిగితే ఏదో రుసుము కట్టించుకుని తొమ్మిదిన్నరకు మార్చారు. మార్చేటప్పుడు ఆ అబ్బాయే, పాపం మంచివాడు, "వాయిదా తగ్గించమంటారా" అని అడిగాడు. వద్దు బాబూ, పాత 2,530 కడతాను, గడువు తగ్గించు అన్నాను. పదేళ్లు మిగిలిన అప్పు ఎనిమిదేళ్లకు దిగింది. ఆ పైన ఏటా దసరాకు కొట్టులో ఇచ్చే బోనసు తిన్నగా అసలుకే కట్టాను. నీకు గుర్తుందో లేదో, రెండు పండగలకు నీకు కొత్త బట్టలు మా కొట్టులో మిగిలిన తునకలతో మీ అమ్మే కుట్టింది. ఎందుకని నువ్వు అడిగావు కూడా. పదిహేనేళ్ల అప్పు 2009లో, పదకొండేళ్లకు తీరింది.

అల్లుడుగారు ఒక మాట అంటారని తెలుసు. డబ్బు విలువ ఏటా పడిపోతుంది, ఇరవై ఏళ్ల తర్వాత నలభై మూడు వేలు ఒక లెక్కా అని. నిజమే, కాదనను. 1998లో నా జీతంలో మూడో వంతు మించిన వాయిదా 2009 నాటికి చేతికి తెలియనేలేదు. అప్పు తీసుకోవద్దని నేను అనడం లేదు. ఇప్పుడు మీరు కట్టే పదిహేడు వేల అద్దె కూడా తిరిగి రాదు. అయితే, జీతాలు పెరుగుతాయన్న ధైర్యం ఉన్నవాళ్లు ముప్పై ఏళ్లు ఎందుకు పెట్టుకుంటారో నాకు అర్థం కాదు.

ముప్పైకి పెట్టుకుని ఇష్టపూర్వకంగా ఎక్కువ కడతాం, కష్టమొస్తే మానేస్తాం అనే పద్ధతీ ఉంది. కాగితం మీద బాగుంటుంది. ఇతరుల ఖాతాలు జీవితమంతా చూసినవాడిగా చెబుతున్నాను, కట్టకపోయినా పర్వాలేదన్న డబ్బు ఎవరూ కట్టరు. ఒక నెల పెళ్లి, ఒక నెల ఫ్రిజ్జు. నా మాట ఇరవై. పాపో బాబో పుట్టి నీ జీతం కొన్నాళ్లు ఆగుతుందన్న భయం ఉంటే, ఆరు నెలల వాయిదాల డబ్బు ముందే డిపాజిట్‌లో వేసి ఉంచుకో. అది కుదరదంటే ఆ ఫ్లాటు ఇప్పుడు మీకు పెద్దదని అర్థం. కోపం తెచ్చుకోకు.

చేతి నుంచి పెట్టేది పన్నెండున్నర లక్షలే అని కూడా అన్నావు. ముప్పై నుంచి డెబ్బై అయిదు లక్షల అప్పులకు ఇంటి విలువలో ఎనభై శాతానికి మించి ఇవ్వకూడదని రిజర్వు బ్యాంకు నియమం, అందుకే యాభై దగ్గర ఆగారు. రిజిస్ట్రేషన్ ఖర్చు ఆ విలువలో కలపరు. ఆంధ్రలో స్టాంపు, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ రుసుము కలిపి ఏడున్నర శాతం, అంటే మరో నాలుగు లక్షల డెబ్బై వేల దాకా. ఫ్లాటు ఇంకా కడుతూ ఉంటే జీఎస్టీ అయిదు శాతం. పూర్తయి, నివాసానికి సిద్ధమని అధికారులు ఇచ్చే ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ వచ్చాక కొంటే అది లేదు. ఏ స్థితిలో ఉందో కనుక్కున్నారా?

వడ్డీ రేటు మారే రకమే కదా మీది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు ఇచ్చే అలాంటి గృహ రుణాలన్నీ రెపో రేటు (బ్యాంకులకు రిజర్వు బ్యాంకు అప్పిచ్చే వడ్డీ రేటు) వంటి బయటి కొలమానంతో ముడిపడి ఉండాలి. తగ్గితే మూడు నెలల లోపు నీకూ తగ్గుతుంది. నా కాలంలో ఆ సుఖం లేదు. పెరిగినప్పుడే జాగ్రత్త. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రెపో నాలుగు నుంచి ఆరున్నరకు ఎక్కింది. చాలామంది వాయిదా మారలేదని నిశ్చింతగా ఉన్నారు. వాయిదా మారలేదు, గడువు సాగింది. నీ లెక్కనే చూడు: ఎనిమిదిన్నర కాస్తా మొదట్లోనే తొమ్మిదిన్నర అయి, నువ్వు అదే 43,391 కడుతూ పోతే ఇరవై ఏళ్ల అప్పు ఇరవై అయిదున్నరేళ్లు దాటుతుంది. ఒక్క శాతానికి! వాయిదా పెంచాలా, గడువు పొడిగించాలా అన్నది నిన్ను అడగాలని 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఉత్తర్వు ఇచ్చింది. అడిగితే వాయిదా పెంచమను. రేటు తగ్గితే మాత్రం వాయిదా ముట్టుకోవద్దని, గడువు తగ్గించమని చెప్పు.

మారే వడ్డీ మీద వ్యక్తులు తీసుకున్న గృహ రుణాన్ని ముందే తీర్చినందుకు బ్యాంకులు అపరాధ రుసుము వేయకూడదని 2012లోనే నియమం వచ్చింది. ఏడాదికి ఒక్క వాయిదా అదనంగా కట్టు చాలు, ఇరవై ఏళ్లలో మూడేళ్లకు పైగా తెగుతాయి, సుమారు పది లక్షలు మిగులుతాయి. మొదటి ఏళ్లలో కట్టినదానికే ఆ బలం.

అప్పుతో పాటు బీమా అంటగట్టి ప్రీమియంను అప్పులోనే కలుపుతామంటారు. లక్షన్నర ప్రీమియం ముప్పై ఏళ్ల అప్పులో కలిపితే నాలుగు లక్షల పైన అవుతుంది. బీమా ఉండాల్సిందే, కాకపోతే బయట టర్మ్ పాలసీ, అంటే మనిషి పోతేనే డబ్బు వచ్చే బీమా, తీసుకుని ఏటా కట్టుకో. వాళ్లు చూపించిన పాలసీయే తీసుకోవాలని చట్టమేమీ లేదు. ఇక ఆదాయపు పన్ను మిగులుతుందన్న మాట. సొంతంగా ఉండే ఇంటికి వడ్డీ మీద రెండు లక్షల మినహాయింపు పాత పద్ధతిలోనే, కొత్త పద్ధతిలో లేదు. ఉన్నా, ముప్పై పైసలు మిగుల్చుకోవడానికి రూపాయి వడ్డీ కట్టమనే సలహా ఎవరిచ్చినా నమస్కారం పెట్టి పంపించు.

మన ఇంటి పట్టా ఒడియాలో ఉంది, బ్యాంకు కాగితాలు ఇంగ్లీషులో ఉన్నాయి, సంతకం పెట్టిన నేను తెలుగువాడిని. ఏది ఎక్కడ రాసి ఉందో తెలియకుండానే ముప్పై చోట్ల సంతకాలు చేశాను. వాడుక భాష కోసం పోరాడిన గిడుగు రామమూర్తిగారు పాఠాలు చెప్పిన ఊరిలో ఉండి! అందుకే ఈ సంగతి విన్నప్పుడు నాకు భలే ముచ్చటేసింది: 2024 అక్టోబరు నుంచి ఇచ్చే అప్పులకు 'కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్' అనే పత్రం ఇవ్వాలి. అన్ని రుసుములూ కలిపిన అసలైన వార్షిక రేటు, నెలనెలా వడ్డీ ఎంత, అసలు ఎంత అన్న పట్టికతో సహా, అప్పు తీసుకునేవాడికి అర్థమయ్యే భాషలో. నీకు ఇంగ్లీషు వస్తుందిలే. అయినా తెలుగులో అడుగు. నా తృప్తి కోసం.

అప్పు తీరాక కూడా నా దస్తావేజులు చేతికి రావడానికి నాలుగు నెలలు తిరిగాను. ఇప్పుడు ముప్పై రోజుల్లో ఇవ్వాలి. వాళ్ల తప్పు వల్ల దాటితే రోజుకు అయిదు వేలు వాళ్లే నీకు కట్టాలి. అప్పుడు ఆ నియమం ఉంటే మన ఇంటికి ఇంకో అంతస్తు లేచేది.

ఇంటి ఖర్చు అప్పుతో తీరదు. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను వచ్చినప్పుడు మన పైకప్పు నీళ్ల ట్యాంకు ఎగిరి వీధి చివర పడింది గుర్తుందా? పిట్టగోడ, వైరింగు, మేడ మీద పగుళ్లు అన్నీ సరిచేయడానికి మూడేళ్లు పట్టింది. నీకు మేడ ఉండదు కానీ నెలనెలా నిర్వహణ రుసుము ఉంటుంది. చదరపు అడుగుకు ఎంతో కనుక్కో.

సంతకాలు వచ్చే సోమవారం అన్నావు కదా. శనివారం మీరిద్దరూ గుణుపూర్ రైలెక్కి రండి. మీ అమ్మ ఆవకాయ జాడీ మీ కోసం కట్టి ఉంచింది. ఇరవై ఏళ్ల పట్టిక, ముప్పై ఏళ్ల పట్టిక రెండూ అచ్చు తీయించి తీసుకురా. 2003 నాటి నా కాగితం, ఆ చిల్లుల అంచులది, బీరువాలో ఇంకా ఉంది. పక్కపక్కన పెట్టి చూద్దాం. కళ్లజోడు కొత్తది చేయించాను, చిన్న అక్షరాలు కూడా బాగా కనబడుతున్నాయి.

ఇట్లు,
మీ నాన్న