స్టాండు జరిపే పని గురించి

తిరుపతి

చిరంజీవి సుప్రజకు నాయన ఆశీస్సులు.

ఇక్కడ అందరం బాగుండాం. అవ్వకు కంటి ఆపరేషన్ అయింది, మళ్లీ టీవీ ముందే కూర్చుంటోంది. మొన్న ఫోన్లో నువ్వు "ఇంత చదివితే స్టూడియోలో నన్ను మైకు స్టాండ్లు జరపడానికి పెట్టినారు నాయనా" అన్నావు. అప్పుడు షాపులో పెళ్లివాళ్లు బేరమాడతా ఉండారు, సరిగ్గా మాట్లాడలేకపోయినాను. అందుకే ఈ ఉత్తరం.

పాటలు రికార్డు చేసిన తొలితరం మనిషి ఫ్రెడ్ గైస్‌బర్గ్ పేరు మీ కాలేజీలో ఒక్క లైనులో చెప్పి వదిలేసి ఉంటారు. 1873లో వాషింగ్టన్‌లో పుట్టినాడు. పియానో బాగా వాయించేవాడు, కుర్రతనంలోనే పాటగాళ్ల పక్కన వాయిస్తా రికార్డింగ్ పనిలో పడినాడు. గ్రామఫోన్ కనిపెట్టిన బెర్లినర్ దగ్గర చేరి, 1898లో లండన్ పోయినాడు. ఇంక అక్కడి నుంచి సామాను కట్టుకుని దేశాలు తిరగడమే. పాటగాడు స్టూడియోకి రావడం కాదు, స్టూడియోనే పాటగాడి ఊరికి పోతుంది. మన మైకుసెట్టు వ్యాపారమే అనుకో!

1902 ఏప్రిల్‌లో మిలాన్ హోటల్ గదిలో ఇటలీ పాటగాడు కరూసో చేత పది పాటలు పాడించినాడు. కరూసో అడిగింది వంద పౌండ్లు. అంత ఇవ్వొద్దని లండన్ నుంచి తంతి వచ్చినా వినలేదంటారు. అదే ఏడాది నవంబరులో కలకత్తాలో హిందుస్తానీ పాటలు పాడే గౌహర్ జాన్‌ని రికార్డు చేసినాడు. మన సంగీతంలో ఓనమాలు తెలియని మనిషి, అయినా ఆ గొంతు ఈరోజుకీ వినబడతా ఉంది. మూడు నిమిషాల్లో పాట ముగించి, చివర ఆమె తన పేరు ఇంగ్లీషులో చెప్పేది. పాట గీసిన మైనం పలకలు ఓడలో జర్మనీలోని హానోవర్‌కి పోయి డిస్కులుగా అచ్చయ్యేవి. అక్కడోళ్లకు ఎవరి పాటో తెలియాల గదా!

ఆ రోజుల్లో మైకు లేదు, ఆంప్లిఫయర్ లేదు. కరెంటుతో రికార్డు చేసేది 1925లో గానీ రాలేదు. పాడేవాళ్ల ముందర ఒక హారన్ ఉంటుంది, అంతే. మన అటక మీది హారన్లు శబ్దాన్ని బయటికి తోస్తాయి, అది లోపలికి తీసుకుంటుంది. ఆ శబ్దానికి సన్నటి పొర అదిరి, దానికి తగిలించిన సూది మైనంలో గాడి గీస్తుంది. గొంతు పెద్దదైతే సూది ఎగిరి పలక పాడు. చిన్నదైతే గరగర తప్ప ఏమీ మిగలదు. తిప్పి తగ్గించడానికి ఒక్క నాబ్ కూడా లేదు. అందుకని మనిషినే జరిపేవాళ్లు. పైస్థాయికి పోతా ఉంటే భుజం పట్టి వెనక్కి, కిందికి దిగితే మళ్లీ హారన్ దగ్గరికి. పియానోను ఎత్తు మీదికి ఎక్కించేవాళ్లు. వయొలిన్ వినబడక, దానికే హారన్ తగిలించిన వయొలిన్ ఒకటి తయారైంది. పోనీ తీసింది ఒకసారి విందామా అంటే, మైనం మీద సూది పెడితే గాడి చెడిపోతుంది. బాగా వచ్చిందా లేదా అనేది చెవిని నమ్ముకుని చెప్పాల్సిందే.

గోవిందరాజస్వామి గుడి దగ్గర హరికథకు మైకు పెట్టేటప్పుడు దాసుగారు చిడతలు ఏ చేత్తో పడతారో నేను ముందు చూసుకుంటా. రెండో పక్క నుంచి పెడతా, నోటికి కొంచెం కిందుగా. లేకపోతే చిడతల మోతలో మాట మునిగిపోతుంది, తర్వాత ఈక్వలైజర్ ఎంత తిప్పినా తేలదు. మీ స్టూడియోలో "ఎడిటింగ్‌లో చూసుకుందాంలే" అంటారని చెప్పినావే, నాకు ఆ మాట నచ్చలేదు.

మైకులు వచ్చినాక కూడా గైస్‌బర్గ్‌ని ఎవరూ పక్కన పెట్టలేదు. ఎవరి చేత ఏం చేయించాలో తేల్చే పెద్ద అయినాడు. 1932లో పదహారేళ్ల మెనుహిన్ వయొలిన్ వాయిస్తే, ఆ సంగీతం రాసిన ఇంగ్లీషాయన ఎల్గార్ ముసలితనంలో తనే ఆర్కెస్ట్రాను నడిపించినాడు. ఆ ఇద్దర్నీ కలిపింది ఈయనే. 1939లో రిటైరైనాడు.

ఒకటి అడగాల. వచ్చే నెల ఇక్కడ వీణ కచేరీ ఒప్పుకున్నా. మీరు రికార్డు చేసేటప్పుడు మైకు కుండ వైపు పెడతారా, మెట్ల వైపా? ఎంత దూరంలో? కొలిచి రాయి.

మీ నాయన