ఆ నటి వెనక ఉన్న డబ్బు

సంపాదకులు గారికి,

ఈమధ్య మీ ఉత్తరాల పేజీలో ఒక పాఠకుడు, "ఫిన్లాండ్ లాంటి దేశమే నాటకాలకిచ్చే డబ్బు కోసేస్తోంది, మనకెందుకీ గ్రాంట్లు" అని రాశారు. కోసిన మాట నిజమే. నేను హెల్సింకీ పక్కనే ఎస్పోలో ఉంటాను, టికెట్టు కొన్నప్పుడల్లా ఆ సంగతి తెలుస్తూనే ఉంది. కోత ఒక్కటే కాదు, 2025 జనవరిలో ఇక్కడ నాటకం, సినిమా టికెట్ల మీద వ్యాట్ 10 శాతం నుంచి 14కి పెంచారు. కానీ దాన్నిబట్టి ఆయన తేల్చిన సంగతే నాకు మింగుడుపడలేదు.

ఆ డబ్బు ఏం చేస్తుందో తెలియాలంటే కతి ఔతినెన్ అనే నటి గురించి చెప్పాలి. 1961లో హెల్సింకీలో పుట్టారు. ఫిన్లాండ్ డైరెక్టర్ అకి కౌరిస్మాకి సినిమాలు చూసినవాళ్ళకు ఆమె మొహం గుర్తుండే ఉంటుంది. 'ద మ్యాచ్ ఫ్యాక్టరీ గర్ల్' (1990)లో ఆమె అగ్గిపెట్టెల ఫ్యాక్టరీలో కూలి. జీతం డబ్బుతో ఒక గౌను కొనుక్కుంటుంది. ఇంటికి రాగానే తండ్రి చెంప మీద కొడతాడు, తల్లి ఆ గౌను తిరిగి ఇచ్చేసి రమ్మంటుంది. ఏడుపు లేదు, అరుపు లేదు, బ్యాక్‌గ్రౌండ్ మ్యూజిక్ అసలే లేదు. కళ్ళు మాత్రం కాస్త కిందికి దిగుతాయి. మన దగ్గరైతే ఆ చోట పది నిమిషాల సీను, ఒక పాట పడేవి. (నాకు అవీ ఇష్టమే, అది వేరే సంగతి.)

ఆ తర్వాత 1996లో 'డ్రిఫ్టింగ్ క్లౌడ్స్'. తొంభైల మొదట్లో ఫిన్లాండ్‌ను కుదిపేసిన మాంద్యంలో ఉద్యోగం ఊడిన రెస్టారెంట్ మనిషి వేషం. 2002లో 'ద మ్యాన్ వితౌట్ ఎ పాస్ట్'కి కాన్స్ ఫిల్మ్ ఫెస్టివల్లో ఉత్తమ నటి అవార్డు వచ్చింది. అప్పటికి ఆవిడకు 40 ఏళ్ళు. అందులో ఆమె సాల్వేషన్ ఆర్మీ అనే క్రైస్తవ సేవాసంస్థ యూనిఫాంలో, ఇల్లూవాకిలీ లేనివాళ్ళకు సూప్ పోసే మనిషి. 'గ్లామర్' అన్న మాటకు ఆ సినిమాలో చోటే లేదు.

ఇదంతా ఒక్క డైరెక్టర్ చలవ అనుకుంటే పొరపాటు. ఆవిడ చదువుకున్నది హెల్సింకీ థియేటర్ అకాడమీలో, ప్రభుత్వ డబ్బుతో నడిచే చోట. కాన్స్ అవార్డు వచ్చిన ఏడాదే అక్కడే నటనకు ప్రొఫెసర్ అయి, పదేళ్ళకు పైగా పాఠం చెప్పారు. స్టేజీ మాత్రం వదల్లేదు. సినిమాలకు సాయం చేసే ఫిల్మ్ ఫౌండేషన్ ఇక్కడ 1969 నుంచీ ఉంది. దేశం మొత్తం జనం 56 లక్షలు. ఇంత చిన్న భాషలో టికెట్ల డబ్బు ఒక్కదాంతోనే నాటకాలూ సినిమాలూ బతకమంటే ఎక్కడ బతుకుతాయి?

కిందటి చలికాలం ఒక ఊరి థియేటరుకు వెళ్ళాను. నాకు ఫిన్నిష్ అంతంతమాత్రం. కోటు కౌంటర్లో ఇచ్చి లోపలికెళితే చుట్టూ నెరిసిన తలలు, మధ్యలో బడి పిల్లల బ్యాచ్ ఒకటి. ఇంటర్వెల్లో ముందే డబ్బు కట్టిన కాఫీ, బన్ను టేబుల్ మీద చీటీతో సహా సిద్ధంగా ఉన్నాయి. పక్క టేబుల్ పెద్దావిడ నాకు సగం కథ ఇంగ్లీషులో చెప్పింది. రెండో సగంలో నటి ఒకావిడ కుర్చీలో ఊరికే కూర్చుంటే హాలంతా బిగబట్టుకుని చూసింది.

నేను సురభి వారి 'మాయాబజార్' చూస్తూ పెరిగినవాణ్ణి. 1885 నుంచి ఆ నాటకాలను మోస్తున్నవి కుటుంబాలు. పిల్లల పాత్రలు వాళ్ళింటి పిల్లలే వేయాలి, తెర కట్టేదీ వాళ్ళే. గ్రాంటు చేరాల్సినవాళ్ళకు చేరడం లేదని ఆ పాఠకుడు రాసి ఉంటే నేనూ కింద సంతకం పెట్టేవాణ్ణి. ఫిన్లాండ్‌ను చూపించి అసలు వద్దంటేనే నా అభ్యంతరం. వాళ్ళు కోస్తున్నది యాభై ఏళ్ళు పెట్టాక. మనం ఎంత పెట్టామో ఎవరైనా లెక్క తీసి మీ పేజీలో రాస్తే చదవాలని ఉంది.

ఇట్లు,
ఒక పాఠకుడు,
ఎస్పో, ఫిన్లాండ్