‘హాట్ క్లాసిక్స్’లో పెట్టాల్సిన సినిమాలు కావివి

కస్టమర్ సపోర్ట్ వారికి,

నమస్తే. మీ యాప్‌లో కొత్తగా పెట్టిన పాత యూరప్ సినిమాల గురించి రాస్తున్నాను. చాట్‌లో అడిగితే థాంక్స్ చెప్పి వదిలేశారు, అందుకే ఈ మెయిల్.

1958 నాటి బ్రిటిష్ సినిమా ‘పాస్‌పోర్ట్ టు షేమ్’ని ‘హాట్ క్లాసిక్స్’ కింద రొమాన్స్ అని, 13+ అని పెట్టారు. రొమాన్సా అది? పారిస్‌లో మాలూ అనే అమ్మాయిని దొంగతనం కేసులో ఇరికించి, కాపాడినట్టు నటించి లండన్ తీసుకొస్తారు. అక్కడ డబ్బు అవసరం ఉన్న ఒక టాక్సీ డ్రైవర్‌తో ఉత్తుత్తి పెళ్లి చేయిస్తారు. ఎందుకంటే అప్పట్లో బ్రిటిష్ పౌరుడి భార్య అయిపోతే ఇక ఆమెని దేశం నుంచి పంపించడం పోలీసుల వల్ల అయ్యేది కాదు. ఇదంతా కథ కోసం పుట్టించింది కాదండీ, మెస్సీనా అన్నదమ్ములు లండన్‌లో ఇలాంటి పెళ్లిళ్ల అండతోనే అమ్మాయిలతో వ్యభిచార వ్యాపారం నడిపారు, 1950లో ‘ది పీపుల్’ పత్రికలో డంకన్ వెబ్ అనే విలేకరి వాళ్ల గుట్టు బయటపెట్టాడు. అప్పట్లో ఇంగ్లండ్‌లో ఈ సినిమాకి ఎక్స్ సర్టిఫికెట్ ఇచ్చారు, పదహారేళ్ల లోపు పిల్లల్ని హాల్లోకి రానిచ్చేవాళ్లు కాదు.

ఇంకో సంగతి. స్కాట్లండ్ యార్డ్ (లండన్ పోలీసు శాఖ) మాజీ డిటెక్టివ్ రాబర్ట్ ఫేబియన్ మొదట్లో స్వయంగా తెర మీదకి వచ్చి జనాన్ని హెచ్చరిస్తాడు. మీ ప్రింట్‌లో ఆ ముక్కే లేదు, పైన మాత్రం ‘పూర్తి నిడివి’ అని ఉంది.

ఆ కాలపు సినిమాలు రెండు నాలుకలతో మాట్లాడాయి, కాదనను. ఒకపక్క హెచ్చరిస్తూనే ఇంకోపక్క ఇందులో నటించిన డయానా డార్స్‌ని లోదుస్తుల్లో చూపించి టికెట్లు అమ్ముకున్నారు. ఆ రెండూ పక్కపక్కన కనిపిస్తేనే చూసేవాళ్లకి ఆ వ్యాపారం ఎలా నడిచిందో తెలుస్తుంది. మీరు హెచ్చరిక కోసేసి లోదుస్తులు ఉంచారు, పోస్టర్ కూడా అదే.

లూయిజీ కొమెంచీని 1952లో తీసిన ఇటాలియన్ సినిమా ‘లా ట్రాట్టా డెల్లె బియాంకె’ని కూడా ఇలాగే చేశారు. పేద అమ్మాయిలు బహుమతి డబ్బు కోసం డాన్స్ పోటీలో చేరి, ఒంట్లో ఓపిక అయిపోయినా అడుగులు వేస్తూనే ఉంటారు. ఆ పోటీ వెనక ఉన్నదే అమ్మాయిల్ని అమ్మే ముఠా. మీ పేజీలో ఆ మాటే లేదు. పోస్టర్ నిండా సోఫియా లారెన్ ముఖం. అప్పటికి ఆమె సోఫియా లజ్జారో పేరుతో చిన్న వేషాలు వేస్తోంది, ఇందులో ముఖ్య పాత్రలు ఎలియొనోరా రోస్సీ డ్రాగో, సిల్వానా పాంపనీనిలవి. వాళ్ల పేర్లయినా రాయలేదు.

రెండిటినీ ఆ లిస్టులోంచి తీసి క్రైమ్ డ్రామాలో పెట్టండి, రేటింగ్ పెంచండి, మనుషుల అక్రమ రవాణా గురించిన సినిమా అని పేజీలో స్పష్టంగా రాయండి. ఫేబియన్ మాటలున్న ప్రింట్ తెప్పించండి, దొరకకపోతే ‘పూర్తి నిడివి’ అన్నది చెరిపేసి నేను కట్టిన అద్దె తిరిగి ఇవ్వండి. జవాబు మెయిల్‌లోనే కావాలి, ఎప్పటిలోగా మారుస్తారో తేదీతో సహా.

ఇట్లు,
మీ సబ్‌స్క్రైబర్